ఆట తెరుచుకోకపోతే: ఆట బయటినుంచే సెట్టింగులు మార్చుకునే పద్ధతి

 

ఇంట్లో కంప్యూటర్ గానీ ల్యాప్‌టాప్ గానీ ఉన్న పిల్లలు మమ్మల్ని తరచుగా అడిగే ప్రశ్న ఒకటుంది. "సార్, ఆట ఓపెన్ చేస్తే తెర నల్లగా అయిపోయి ఆగిపోతా ఉంది, ఏం చేయాల?" అని. ఆటలోకి పోతే కదా సెట్టింగులు మార్చేది, లోపలికే పోలేకపోతే ఎట్లా అన్నది వాళ్ల బాధ. ఆటను తెరవకుండానే, బయటినుంచే, దాని తెర సైజు, బొమ్మల నాణ్యత మార్చుకునే దారులు ఉన్నాయి. వాటిని ఒకచోట చేర్చి ఇక్కడ రాస్తున్నాం. ఒకసారి చదివి దాచిపెట్టుకోండి, అవసరమైనప్పుడు చూసుకోవచ్చు.

ఇది ఎందుకు రాయాల్సి వచ్చింది

బడి పేజీలో ఆటల గురించి హెడ్మాష్టరు రాయడమేంటని కొందరు పెద్దలకు అనిపించొచ్చు. మా భయం ఆట గురించి కాదు, ఆ కంప్యూటర్లో ఉన్న మిగతా వాటి గురించి. మన పావగడ తాలూకులో చాలా ఇళ్లల్లో ఉండేది ఒకే ల్యాప్‌టాప్. బెంగళూరులో పనిచేసే అన్నో మామో వాడి ఇచ్చింది, లేదంటే సెకండ్ హ్యాండ్‌లో కొన్నది. నాన్న పొలం పహణి, అక్క ఎస్.ఎస్.పి. స్కాలర్‌షిప్ దరఖాస్తు కోసం స్కాన్ చేసిన కుల, ఆదాయ పత్రాలు, ఇంట్లో పెళ్లి ఫోటోలు అన్నీ అందులోనే ఉంటాయి. ఆట తెరుచుకోలేదని పిల్లోడు ఎవరికో చూపిస్తాడు. వాళ్లు "విండోస్ కొత్తగా వేస్తే సరిపోతుంది" అని డిస్కంతా తుడిచేస్తారు. ఆట మళ్లీ దొరుకుతుంది. ఆ కాగితాలు దొరకవు.

ఇంకొందరు ఆటను తీసేసి మళ్లీ మొత్తం డౌన్‌లోడ్ చేస్తారు. ఫోన్ హాట్‌స్పాట్ డేటా అయిపోతుంది గానీ పాత సెట్టింగు ఫైలు మాత్రం చాలాసార్లు అట్లే ఉండిపోతుంది, కాబట్టి తెర మళ్లీ నల్లగానే వస్తుంది. మరికొందరు "ల్యాగ్ ఫిక్స్" అనే పేరుతో వీడియోల కింద ఇచ్చే ఫైళ్లు తెచ్చి నడుపుతారు. మూడింటిలోనూ ప్రమాదకరమైనది ఇదే.

మన రైతులకు తెలిసిన విషయమే. బోరు మోటారు తిరగకపోతే ముందు ఫ్యూజు చూస్తాం, స్టార్టర్ చూస్తాం, కరెంటు మూడు ఫేజులూ వస్తా ఉందా అని చూస్తాం. అవేవీ చూడకుండా బోరులోంచి మోటారును పైకి లాగం. ఆట విషయంలోనూ అంతే. పైన ఉన్న స్టార్టర్ ముందు చూడాలి.

ఆట తెరుచుకునేటప్పుడు ఏం జరుగుతుంది

ఆట గుర్తు మీద రెండుసార్లు క్లిక్ చేసినప్పుడు వరుసగా నాలుగు పనులు జరుగుతాయి.

1. ఆ గుర్తు, అంటే షార్ట్‌కట్, ఏ ప్రోగ్రామును నడపాలో విండోస్‌కు చెబుతుంది. ప్రోగ్రాము పేరుతోపాటు కొన్ని అదనపు మాటలు కూడా అందించవచ్చు.
2. ప్రోగ్రాము లేచి తన సెట్టింగుల ఫైలు చదువుకుంటుంది. తెర వెడల్పు ఎంత, ఎత్తు ఎంత, తెరంతా నింపాలా, చిన్న కిటికీలో తెరవాలా అన్నవి అందులో ఉంటాయి.
3. ఆ కొలతలతో బొమ్మ చూపించమని గ్రాఫిక్స్ డ్రైవర్‌ను అడుగుతుంది.
4. డ్రైవర్ ఒప్పుకుంటే ఆట మెనూ కనిపిస్తుంది. ఒప్పుకోకపోతే తెర నల్లబడుతుంది, లేదా ఆట తనంతట తాను మూసుకుపోతుంది.

మెనూ వచ్చేది నాలుగో మెట్టులో. మొదటి మూడు మెట్లూ మెనూ కంటే ముందే జరిగిపోతాయి. కాబట్టి ఆ మూడు చోట్లా మనం బయటినుంచే చెయ్యి పెట్టొచ్చు. కింద చెప్పే మూడు దారులు ఆ మూడు మెట్లకు సంబంధించినవే.

చెడిపోవడానికి మామూలుగా ఉండే కారణాలు కొన్నే. పిల్లలు అన్ని సెట్టింగులూ ఒకేసారి "అల్ట్రా"కు పెట్టేయడం. ల్యాప్‌టాప్‌ను టీవీకి కలిపి ఆడి, తర్వాత విడిగా తెరవడం. స్నేహితుడి కంప్యూటర్ నుంచి ఆట ఫోల్డరు మొత్తం కాపీ చేయడం, దానితోపాటు వాడి తెర కొలతలు కూడా రావడం. బ్యాటరీ లేని కంప్యూటర్లో సెట్టింగు సేవ్ అవుతున్న క్షణంలో కరెంటు పోయి ఫైలు సగమే రాయబడటం. విండోస్ అప్‌డేట్ తర్వాత డ్రైవర్ మారడం.

ఈ పద్ధతి కొత్తదేం కాదు. 1993లో వచ్చిన డూమ్ అనే ఆటకు సౌండ్ కార్డు వంటివి ఎంచుకోవడానికి వేరే సెటప్ ప్రోగ్రామే ఉండేది. అది ముగించాకే ఆట. 1996లో వచ్చిన క్వేక్ తన సెట్టింగులను మామూలు అక్షరాల ఫైల్లో రాసుకునేది, నోట్‌ప్యాడ్‌లో తెరిచి మార్చుకోవచ్చు. 1998లో వచ్చిన హాఫ్-లైఫ్ ఆ క్వేక్ ఇంజన్ మీద కట్టిందే. మీలో చాలామందికి తెలిసిన కౌంటర్-స్ట్రైక్ హాఫ్-లైఫ్ నుంచి పుట్టింది. అందుకే ఈనాటికీ చాలా ఆటలు అదే రకం ఫైళ్లనూ, అడ్డగీతతో మొదలయ్యే అదే రకం మాటలనూ అర్థం చేసుకుంటాయి.

ముందు తెలియాల్సిన మాటలు

సెట్టింగులన్నీ ఇంగ్లీషులో ఉంటాయి. తెలుగు మీడియం పిల్లలు వాటిని చూసి జంకాల్సిన పని లేదు. తెలియాల్సిన మాటలు ఏడెనిమిదే.

రిజల్యూషన్: తెర మీద అడ్డంగా ఎన్ని చుక్కలు, నిలువుగా ఎన్ని చుక్కలు అన్న లెక్క. 1366 × 768 అంటే అడ్డంగా 1366, నిలువుగా 768.

ఫుల్‌స్క్రీన్, విండోడ్: తెరంతా నింపడం ఒకటి, చిన్న కిటికీలో తెరవడం ఇంకోటి. తిప్పలు ఎక్కువగా ఫుల్‌స్క్రీన్‌తోనే.

ఎఫ్.పి.ఎస్.: సెకనుకు ఎన్ని బొమ్మలు గీస్తోంది అన్న లెక్క. సినిమా మామూలుగా సెకనుకు 24 బొమ్మలు.

వీ-సింక్: తెర వేగానికి సరిపోయేలా బొమ్మలను ఆపి ఆపి పంపడం. అనవసరంగా ఎక్కువ గీయకుండా ఇది అడ్డుకుంటుంది.

టెక్స్‌చర్: గోడ, గడ్డి, బట్ట లాంటి వాటి మీద అతికించే బొమ్మ. ఎక్కువ నాణ్యతకు ఎక్కువ మెమరీ కావాలి.

షాడో: నీడలు. పాత కంప్యూటర్‌కు పెద్ద బరువు వీటితోనే.

యాంటీ-అలియాసింగ్: గీతల అంచుల్లో కనిపించే మెట్లను నున్నగా చేయడం. చిన్న తెర మీద లేకపోయినా నష్టం లేదు.

డ్రైవర్: గ్రాఫిక్స్ చిప్పుకూ విండోస్‌కూ మధ్య మాట అందించే ప్రోగ్రాము.

ఒక చిన్న లెక్క

ఎనిమిది, తొమ్మిది తరగతుల పిల్లలు ఇది నోట్సులో వేసి చూడండి. 1920 × 1080 తెరలో మొత్తం 20,73,600 చుక్కలు. సెకనుకు 60 బొమ్మలంటే 12,44,16,000 చుక్కలు, అంటే సుమారు 12 కోట్ల 44 లక్షలు. అదే 1280 × 720 తెరలో 9,21,600 చుక్కలు. సెకనుకు 30 బొమ్మలు చాలనుకుంటే 2,76,48,000. మొదటిది రెండోదానికి సరిగ్గా నాలుగున్నర రెట్లు. కంప్యూటర్ మారలేదు, ఆట మారలేదు, రెండు సెట్టింగులు తగ్గిస్తే గీయాల్సిన చుక్కల పని నాలుగున్నర వంతుల్లో ఒక వంతుకు దిగింది. "కొత్త ల్యాప్‌టాప్ కొనియ్యి" అని ఇంట్లో అడిగే ముందు ఈ లెక్క చేయండి.

పని మొదలుపెట్టే ముందు

తెర నల్లబడిన వెంటనే పవర్ బటన్ పట్టుకుని నొక్కొద్దు. ముందు ఆల్ట్, ఎంటర్ కలిపి నొక్కండి. చాలా ఆటలు దానితో ఫుల్‌స్క్రీన్ నుంచి కిటికీకి మారతాయి. కాకపోతే విండోస్, కంట్రోల్, షిఫ్ట్, బి నాలుగూ కలిపి నొక్కండి. విండోస్ 10, 11లో ఇది గ్రాఫిక్స్ డ్రైవర్‌ను మళ్లీ మొదలుపెడుతుంది. అప్పటికీ రాకపోతే ఆల్ట్, ఎఫ్4తో ఆటను మూసేయండి.

తర్వాత ఈ నాలుగు నియమాలు గుర్తుపెట్టుకోండి.

ఒకటి: ఏ ఫైలు మార్చబోతున్నారో దానికి ముందు ఒక కాపీ తీసి పెట్టండి. పేరు చివర "పాతది" అని ఇంగ్లీషు అక్షరాల్లో రాస్తే చాలు.

రెండు: ఆట పూర్తిగా మూసి ఉన్నప్పుడే ఫైలు మార్చండి. చాలా ఆటలు మూసుకునేటప్పుడు తమ సెట్టింగులను మళ్లీ రాసేస్తాయి, మీరు మార్చింది పోతుంది.

మూడు: ఒకసారికి ఒక్కటే మార్చండి. మార్చి, ఆట తెరిచి చూడండి. సైన్సు ప్రయోగంలో ఒకేసారి రెండు మార్పులు చేస్తే ఫలితం దేనివల్ల వచ్చిందో తెలియదని చదువుకున్నారు కదా, ఇక్కడా అదే.

నాలుగు: మార్చింది పుస్తకంలో రాసుకోండి. తేదీ, ముందు ఉన్న విలువ, పెట్టిన విలువ, ఏమైంది. నాలుగు గడుల పట్టిక చాలు.

కింద తెలుగులో రాసిన ఆజ్ఞలను మీరు ఇంగ్లీషు అక్షరాల్లోనే టైపు చేయాలి. వాటి స్పెల్లింగుల చార్టు కంప్యూటర్ ల్యాబులో గోడ మీద ఉంది, రాసుకుని పోవచ్చు.

మొదటి దారి: షార్ట్‌కట్‌లో అదనపు మాట

డెస్క్‌టాప్ మీద ఆట గుర్తుపై రైట్ క్లిక్ చేసి, ప్రాపర్టీస్ తెరవండి. షార్ట్‌కట్ అనే పేజీలో టార్గెట్ అనే గడి ఉంటుంది. అందులో ఆట ప్రోగ్రాము దారి కొటేషన్ గుర్తుల మధ్య ఉంటుంది. దాన్ని ముట్టుకోవద్దు. చివరి కొటేషన్ గుర్తు తర్వాత ఒక ఖాళీ వదిలి, అక్కడ మీ మాట రాయాలి. ఖాళీ వదలకపోయినా, కొటేషన్ లోపల రాసినా విండోస్ తప్పు చూపిస్తుంది.

స్టీమ్ ద్వారా తీసుకున్న ఆటలకు ఇంకా సులభం. లైబ్రరీలో ఆట పేరుపై రైట్ క్లిక్, ప్రాపర్టీస్, జనరల్, అక్కడ లాంచ్ ఆప్షన్స్ అనే గడి. మాటలు అందులో రాస్తే చాలు.

ఏ మాట రాయాలన్నది ఆటను బట్టి ఉంటుంది. కౌంటర్-స్ట్రైక్ కుటుంబం ఆటలకు "అడ్డగీత, విండోడ్" అంటే కిటికీలో తెరుచుకుంటుంది. "అడ్డగీత డబ్ల్యు, ఖాళీ, 1024, ఖాళీ, అడ్డగీత హెచ్, ఖాళీ, 768" అంటే వెడల్పు, ఎత్తు. సోర్స్ ఇంజన్ ఆటల్లో "అడ్డగీత, ఆటోకాన్ఫిగ్" అని పెడితే ఆ కంప్యూటర్‌కు తగిన మొదటి సెట్టింగులు తిరిగి వస్తాయి. కానీ ఆట ఒకసారి తెరుచుకున్నాక ఆ మాట తీసేయాలి, లేకపోతే ప్రతిసారీ మీ సెట్టింగులు చెరిగిపోతాయి. యూనిటీ ఇంజన్‌తో చేసిన ఆటలు "స్క్రీన్-విడ్త్", "స్క్రీన్-హైట్", "స్క్రీన్-ఫుల్‌స్క్రీన్" అన్న మాటలను అర్థం చేసుకుంటాయి. ప్రతిదాని ముందూ అడ్డగీత, తర్వాత సంఖ్య. ఫుల్‌స్క్రీన్ వద్దంటే సున్నా.

ఈ దారిలో ఉన్న మంచి ఏంటంటే, ఏ ఫైలూ చెడదు. నచ్చకపోతే రాసిన మాట తుడిచేస్తే సరి. అందుకే దీన్ని మొదట చెప్పాం.

రెండో దారి: సెట్టింగుల ఫైలు

ఈ ఫైళ్లు ఎక్కువగా రెండు చోట్ల ఉంటాయి. ఒకటి డాక్యుమెంట్స్ ఫోల్డరు. ఇంకోటి యాప్‌డేటా అనే దాగి ఉండే ఫోల్డరు. దాన్ని తెరవాలంటే విండోస్ బటన్, ఆర్ కలిపి నొక్కి, వచ్చిన గడిలో పర్సెంటు గుర్తు, యాప్‌డేటా, మళ్లీ పర్సెంటు గుర్తు టైపు చేసి ఎంటర్ కొట్టాలి.

మైన్‌క్రాఫ్ట్ జావా ఎడిషన్: యాప్‌డేటాలో మైన్‌క్రాఫ్ట్ ఫోల్డరు (పేరు ముందు చుక్క ఉంటుంది) తెరిస్తే ఆప్షన్స్ అనే టెక్స్ట్ ఫైలు కనిపిస్తుంది. నోట్‌ప్యాడ్‌లో తెరవండి. ఒక్కో వరుసలో ఒక్కో సెట్టింగు, మధ్యలో రెండు చుక్కల గుర్తు, ఆ తర్వాత విలువ. ఫుల్‌స్క్రీన్ ఎదురుగా "ట్రూ" ఉంటే "ఫాల్స్" చేయండి. రెండర్‌డిస్టెన్స్ 12 ఉంటే 6 చేయండి. ఈ ఒక్క మార్పు ఎంత పని చేస్తుందో చూడండి. ఆట లోకం 16 × 16 గడుల ముక్కలుగా ఉంటుంది. దూరం 12 అయితే మన చుట్టూ 25 × 25, అంటే 625 ముక్కలు సిద్ధంగా పెట్టుకోవాలి. 6 అయితే 13 × 13, అంటే 169 చాలు.

ఇదే ఆట లాంచర్లో జావాకు ఎంత మెమరీ ఇవ్వాలో రాసే చోటు ఉంటుంది.  4 జీబీ ర్యామ్ ఉన్న ల్యాప్‌టాప్‌లో దాన్ని 4కు పెంచితే ఆట వేగం కాదు, కంప్యూటరే ఆగిపోతుంది. ఇంటికి ఉన్న ఒక్క ట్యాంకు నీళ్లూ ఒక్క కుళాయికే వదిలినట్లు, విండోస్‌కు ఏమీ మిగలదు. సొంత గ్రాఫిక్స్ కార్డు లేని ల్యాప్‌టాప్‌లలో బొమ్మలు గీసే చిప్పు కూడా అదే ర్యామ్‌లోంచి పంచుకుంటుందని గుర్తుంచుకోండి.

అన్‌రియల్ ఇంజన్ ఆటలు: లోకల్ యాప్‌డేటాలో ఆట పేరుతో ఉన్న ఫోల్డరు, అందులో సేవ్డ్, దానిలో కాన్ఫిగ్. అక్కడ గేమ్‌యూజర్‌సెట్టింగ్స్ అనే ఫైలు ఉంటుంది. రిజల్యూషన్‌సైజ్ ఎక్స్, వై అన్నవి వెడల్పు, ఎత్తు. ఫుల్‌స్క్రీన్‌మోడ్ ఎదురుగా 2 పెడితే కిటికీలో తెరుచుకుంటుంది. ఎస్.జి. అని మొదలయ్యే వరుసలు నాణ్యతకు సంబంధించినవి. వాటిలో 0 అన్నిటికంటే తక్కువ. ముందుగా షాడో క్వాలిటీని 0 చేసి చూడండి.

జీటీఏ శాన్ ఆండ్రియాస్: ఇది 18 ఏళ్లు దాటినవాళ్ల ఆట, మన బడి పిల్లల వయసుకు తగింది కాదు. అయినా చాలా పాత ల్యాప్‌టాప్‌లలో ముందు నుంచే ఉంటుంది కాబట్టి పెద్దలకు చెబుతున్నాం. దీని సెట్టింగు ఫైలు నోట్‌ప్యాడ్‌లో తెరిస్తే పిచ్చి గీతలు కనిపిస్తాయి, మార్చడానికి వీలుకాదు. డాక్యుమెంట్స్‌లో ఆట యూజర్ ఫైల్స్ ఫోల్డరు తెరిచి, పేరు చివర "సెట్" అని ఉన్న ఆ ఒక్క ఫైలు పేరు మార్చితే చాలు. ఆట తెరిచినప్పుడు ఆ ఫైలు దొరకదు, అందుకని మొదటి విలువలతో కొత్తది తయారు చేసుకుంటుంది.

ఈ పేరు మార్చే ఉపాయం చాలా ఆటలకు పనికొస్తుంది. కానీ ఒక జాగ్రత్త. ఆడి సాధించిన మెట్లు, అంటే సేవ్ ఫైళ్లు, చాలాసార్లు అదే ఫోల్డర్లో ఉంటాయి. కాబట్టి మొత్తం ఫోల్డరు తీసేయకుండా సెట్టింగు ఫైలు ఒక్కదాని పేరే మార్చండి.

సేవ్ చేసేటప్పుడు పిల్లలు తడబడే చోటు ఒకటుంది. నోట్‌ప్యాడ్‌లో "సేవ్ యాజ్" కొట్టి పేరు మళ్లీ రాస్తే, చివర టెక్స్ట్ అనే తోక రెండోసారి తగులుకుంటుంది. ఆటకు ఆ ఫైలు కనిపించదు. మామూలు "సేవ్" మాత్రమే వాడండి. మీరు పెట్టిన విలువను ఆట ప్రతిసారీ మార్చేస్తూ ఉంటే, ఫైలు ప్రాపర్టీస్‌లో రీడ్-ఓన్లీ టిక్ పెట్టొచ్చు. తర్వాత ఆట లోపలి నుంచి మార్చాలనుకున్నప్పుడు ఆ టిక్ తీయాలని పుస్తకంలో రాసుకోండి.

మూడో దారి: విండోస్, డ్రైవర్

ముందు అసలు డ్రైవర్ ఉందో లేదో చూడాలి. స్టార్ట్ బటన్‌పై రైట్ క్లిక్ చేసి డివైస్ మేనేజర్ తెరవండి. డిస్‌ప్లే అడాప్టర్స్ కింద ఇంటెల్, ఏఎండీ, ఎన్విడియా లాంటి పేరు ఉండాలి. "మైక్రోసాఫ్ట్ బేసిక్ డిస్‌ప్లే అడాప్టర్" అని ఉంటే అసలు డ్రైవర్ లేదని అర్థం. అప్పుడు పై రెండు దారుల్లో ఎంత తిరిగినా ఫలితం తక్కువ. చిప్పు కంపెనీ సొంత వెబ్‌సైట్ నుంచి గానీ, ల్యాప్‌టాప్ కంపెనీ వెబ్‌సైట్ నుంచి గానీ, లేదా విండోస్ అప్‌డేట్ నుంచి గానీ డ్రైవర్ వేసుకోవాలి. ఇంకెక్కడి నుంచీ వద్దు.

డ్రైవర్ ఉంటే ఈ మూడు చూడండి.

పాత ఆటలకు: ఆట ప్రోగ్రాముపై రైట్ క్లిక్, ప్రాపర్టీస్, కంపాటిబిలిటీ. అక్కడ పాత విండోస్‌లా నడపడం, 640 × 480లో నడపడం, ఫుల్‌స్క్రీన్ ఆప్టిమైజేషన్లు ఆపడం అని టిక్ గడులు ఉంటాయి. ఒక్కొక్కటి పెట్టి చూడండి.

రెండు చిప్పులు ఉన్న ల్యాప్‌టాప్‌లకు: సెట్టింగ్స్, సిస్టమ్, డిస్‌ప్లే, గ్రాఫిక్స్. అక్కడ ఆటను చేర్చి, హై పర్ఫార్మెన్స్ ఎంచుకుంటే పెద్ద చిప్పు పనిచేస్తుంది. పవర్ సేవింగ్ ఎంచుకుంటే చిన్నది.

ఎన్విడియా కార్డు ఉంటే: దాని కంట్రోల్ ప్యానెల్‌లో మేనేజ్ త్రీడీ సెట్టింగ్స్, ప్రోగ్రామ్ సెట్టింగ్స్. అక్కడ ఒక్క ఆటకు మాత్రమే ఎఫ్.పి.ఎస్. పరిమితి పెట్టొచ్చు. ఎండాకాలంలో మన దిక్కున ఇది పనికొచ్చే సెట్టింగు. 30 దగ్గర ఆపితే చిప్పు వేడి తగ్గుతుంది, ఫ్యాను మోత తగ్గుతుంది, బ్యాటరీ ఎక్కువసేపు వస్తుంది. తిరుమణి చుట్టుపక్కల 2,050 మెగావాట్ల సోలార్ పార్కు మన తాలూకులోనే ఉన్నా, ఇంట్లో మీటరు తిరిగితే బిల్లు కట్టేది నాన్నే కదా.

బడి ల్యాబులో వాడే ఆటలు

చిన్న తరగతులకు మేము జీకాంప్రి వాడుతున్నాం. దీన్ని 2000లో బ్రూనో కూడాన్ అనే ఫ్రెంచ్ ప్రోగ్రామర్ మొదలుపెట్టారు. ఫ్రెంచి భాషలో "నాకు అర్థమైంది" అనే మాటలా ఆ పేరు వినిపిస్తుంది. రెండు నుంచి పదేళ్ల పిల్లల కోసం లెక్కలు, అక్షరాలు, మౌసు పట్టుకోవడం లాంటి వందకు పైగా అభ్యాసాలు ఇందులో ఉన్నాయి. ఉచితం, ప్రకటనలు లేవు. పాత కంప్యూటర్లో తెర చెదిరితే షార్ట్‌కట్‌లో "విండో" అనే మాట (ముందు రెండు అడ్డగీతలు) పెడితే కిటికీలో తెరుచుకుంటుంది. "మ్యూట్" అని పెడితే శబ్దం ఉండదు. ఒకే గదిలో పదిమంది ఆడేటప్పుడు అదే మేలు. గ్రాఫిక్స్ కార్డుతో సంబంధం లేకుండా సాఫ్ట్‌వేర్‌తోనే బొమ్మలు గీసే పద్ధతి కూడా ఇందులో ఉంది. నిదానంగా నడుస్తుంది గానీ నడుస్తుంది.

పెద్ద తరగతులకు నేర్పడానికి సూపర్‌టక్స్‌కార్ట్ అనే ఉచిత కార్ల పందెం ఆట బాగుంటుంది. లినక్స్ గుర్తైన టక్స్ పెంగ్విన్ ఇందులో కథానాయకుడు. దీని సెట్టింగులు కాన్ఫిగ్ అనే ఎక్స్ఎంఎల్ ఫైల్లో ఉంటాయి. తెరిచి చూస్తే వీడియో అనే భాగంలో వెడల్పు, ఎత్తు, ఫుల్‌స్క్రీన్ అన్నీ చదవగలిగేలా ఉంటాయి. షార్ట్‌కట్‌లో "విండోడ్", "స్క్రీన్‌సైజ్" అన్న మాటలు (ముందు రెండు అడ్డగీతలు) పనిచేస్తాయి. పై మూడు దారులూ భయం లేకుండా సాధన చేయడానికి ఇది తగిన ఆట. చెడినా పోయేదేమీ లేదు.

ఫోన్లో ఆడేవాళ్లకు

ఎక్కువమంది ఆడేది ఫోన్లోనే. అక్కడ సంగతి వేరు. ఒక యాప్ ఫైళ్లను ఇంకో యాప్ మార్చకుండా ఆండ్రాయిడ్ 11 నుంచి కట్టడి పెరిగింది. "జీఎఫ్ఎక్స్ టూల్" పేరుతో దొరికే యాపులు ఆ కట్టడిని దాటడానికి రకరకాల అనుమతులు అడుగుతాయి. అవి ఇవ్వొద్దు. అదే ఫోన్లో అమ్మ ఫోన్‌పే ఉంటుంది, ఓటీపీలు దానికే వస్తాయి. పైగా బయటి ప్రోగ్రాములతో ఫైళ్లు మార్చితే ఆన్‌లైన్ ఆటల కంపెనీలు ఖాతా మూసేయొచ్చు.

ఫోన్‌తో వచ్చిన గేమ్ మోడ్ ఉంటే అదే వాడండి. డెవలపర్ ఆప్షన్స్ తెరిచి "ఫోర్స్ 4ఎక్స్ ఎంఎస్ఏఏ" పెడితే ఆట వేగం పెరుగుతుందని కొందరు చెబుతారు. అది అంచులు నున్నగా చేసే సెట్టింగు, చిప్పుకు బరువు పెంచుతుంది, ఫోన్ వేడెక్కుతుంది. ఛార్జింగ్ పెట్టి ఆడొద్దు.

చేయకూడనివి

రిజిస్ట్రీ ఎడిటర్ జోలికి పోవద్దు. అక్కడ ఒక్క వరుస చెడినా విండోస్ లేవకపోవచ్చు.

యాంటీవైరస్ ఆపేసి ఈ ఫైలు నడపండి అని ఎవరు చెప్పినా నడపొద్దు. సెట్టింగు ఫైలు అంటే నోట్‌ప్యాడ్‌లో చదవగలిగే అక్షరాలు. దానికి యాంటీవైరస్ ఎప్పుడూ అడ్డు రాదు.

వేరే కంప్యూటర్ సెట్టింగు ఫైలు తెచ్చి పెట్టుకోవద్దు. వాడి తెర వేరు, చిప్పు వేరు.

ఆన్‌లైన్ పోటీ ఆటల్లో గోడలు కనిపించకుండా చేయడం, గడ్డి మాయం చేయడం లాంటివి సెట్టింగులు కావు, మోసం. తెర సైజు తగ్గించుకోవడం మన హక్కు. ఎదుటివాడికి లేని కన్ను మనం పెట్టుకోవడం కాదు.

తల్లిదండ్రులకు నాలుగు మాటలు

ఇంటి కంప్యూటర్లో పిల్లలకు వేరే యూజర్ ఖాతా చేసి ఇవ్వండి. దానికి అడ్మినిస్ట్రేటర్ అధికారం ఇవ్వొద్దు. అప్పుడు వాళ్లు తమ ఆట సెట్టింగులు మార్చుకోగలరు గానీ విండోస్‌ను ముట్టుకోలేరు.

పహణి, ప్రమాణపత్రాలు, ఫోటోలు ఒక పెన్‌డ్రైవ్‌లో కాపీ చేసి బీరువాలో పెట్టండి. ఆట సంగతి పక్కన పెట్టినా ఇది చేయాల్సిన పనే.

కంప్యూటర్‌ను రిపేరుకు ఇచ్చేటప్పుడు "ఫార్మాట్ చేసే ముందు నాకు చెప్పండి" అని నోటితో చెప్పి, చీటీ మీద కూడా రాయించుకోండి.

పిల్లోడు నోట్‌ప్యాడ్ తెరిచి ఏవో అంకెలు మారుస్తూ ఉంటే వెంటనే కోప్పడొద్దు. ఏం మార్చినావు, ఎందుకు మార్చినావు, పాత విలువ ఎక్కడ రాసుకున్నావు అని అడగండి. మూడింటికీ జవాబు చెప్పగలిగితే వాడు నేర్చుకుంటున్నాడు. ఫైలు వెతకడం, కాపీ తీయడం, ఒక విలువ మార్చి ఫలితం చూడడం, రాసిపెట్టుకోవడం: రేపు ఏ కంప్యూటర్ ఉద్యోగంలోనైనా మొదటి రోజు చేయించే పని ఇదే. ఎంతసేపు ఆడాలన్నది మాత్రం ఇంట్లో మీరు పెట్టాల్సిన లెక్క. దానికి ఏ ఫైల్లోనూ సెట్టింగు లేదు.

ఈ పద్ధతి చేసి చూసుకోవాలనుకునే ఎనిమిది నుంచి పది తరగతుల విద్యార్థులు ల్యాబు పీరియడ్‌లో తమ పట్టిక పుస్తకంతో రావచ్చు. ఇంట్లో ల్యాప్‌టాప్ తెరుచుకోక ఇబ్బంది పడుతున్నవాళ్లు, ఎవరికైనా ఫార్మాట్‌కు ఇచ్చే ముందు ఒకసారి బడికి తీసుకురండి. సాయంత్రం బడి వదిలాక కలిసి చూద్దాం.

ప్రధానోపాధ్యాయులు